హాషెక్‌కి నెట్‌లో నికరమైన చోటు 28 ఏళ్లు దాటాక గానీ ఎందుకు దొరకలేదు? ఐస్ హాకీ గోలీల (గోల్‌కీపర్ల) కెరీర్ ఎలా నడుస్తుంది?

క్రీజ్‌గీత:

చెక్ గోలీ డొమినిక్ హాషెక్ కెరీర్ అంకెలు వరసగా పెట్టి చూస్తే ఒకటి అస్సలు కొరుకుడు పడటం లేదు. 1983 డ్రాఫ్ట్‌లో, అంటే జట్లు కుర్రాళ్లను వంతులవారీగా ఎంచుకునే చోట, షికాగో ఆయన్ని పదో రౌండులో తీసుకుంది. ఎన్‌హెచ్‌ఎల్‌లో (అమెరికా, కెనడాల పెద్ద లీగు) మొదటి మ్యాచ్ 1990-91 సీజన్లో ఆడాడు. బఫలోలో నంబర్ వన్‌గా కుదురుకున్నది 1993-94లో. అంటే డ్రాఫ్ట్ అయిన పదేళ్లకు. ఆ తర్వాత ఉత్తమ గోలీకిచ్చే వెజినా ట్రోఫీలు ఆరు, లీగులో అత్యంత విలువైన ఆటగాడికిచ్చే హార్ట్ ట్రోఫీలు వరసగా రెండు. హార్ట్ రెండుసార్లు గెలిచిన గోలీ నేటికీ ఆయనొక్కడే. అంతటివాడు పదేళ్లు ఎవరి కంటా పడకుండా ఎలా ఉండిపోయాడు?

ఆయనొక్కడే అయితే ఏదో మినహాయింపు అనుకోవచ్చు. కానీ టిమ్ థామస్‌ని 1994లో 217వ వాడిగా తీసుకున్నారు. పెక్కా రిన్నేని 2004లో 258వ స్థానంలో, కానర్ హెల్లెబక్‌ని 2012లో 130వ స్థానంలో తీసుకున్నారు. ముగ్గురూ వెజినా గెలిచారు. మరోవైపు 2000లో అందరికంటే ముందు పిలిచిన రిక్ డిపియెట్రో కెరీర్ గాయాలతోనే ముగిసింది.

మా అబ్బాయి కెనడాలోని ఒంటారియోలో యూ15 (15 ఏళ్లలోపు) జట్టు గోలీ. అందుకే మూడు విషయాలు వివరంగా తెలుసుకోవాలని ఉంది. ఫార్వర్డ్ 19 ఏళ్లకే పెద్ద లీగులో ఆడుతుంటే గోలీకి 24, 25 ఎందుకు పడుతుంది? ఆ మధ్య ఏళ్లలో వాళ్లు ఎక్కడ ఆడతారు, జీతం ఎలా ఉంటుంది? మంచి గోలీ అనిపించుకున్నవాడు ఎక్కడ దెబ్బతింటాడు?

నల్లపక్కు:

ముందు హాషెక్ సంగతి. ఆయన దాక్కుని ఏమీ లేడు. అమెరికా, కెనడా వాళ్లు చూడలేదు, అంతే. 16 ఏళ్లకే పర్దుబిత్సె సీనియర్ జట్టుకు చెకోస్లొవాకియా మొదటి లీగులో ఆడాడు. ఆ జట్టు 1987లోనూ, 1989లోనూ ఛాంపియన్. 1986 నుంచి 1990 దాకా ఐదేళ్లు వరసగా దేశంలో ఉత్తమ గోలీ ఆయనే. దేశపు ఉత్తమ ఆటగాడికిచ్చే బంగారు హాకీ కర్ర అవార్డు కూడా మూడుసార్లు గెలిచాడు. 1983లో షికాగో పిలిచినా ఆ పిలుపు కాగితం మీదిదే. అప్పటి ప్రభుత్వం ఆటగాళ్లను బయటికి వదిలేది కాదు, రావాలంటే పారిపోయి రావాల్సిందే. పదో రౌండు అన్నది ఆయన ఆటకు కట్టిన వెల కాదు. "వీడు ఎప్పటికైనా వస్తాడా" అన్న అనుమానానికి కట్టిన వెల.

1990లో తలుపులు తెరుచుకుని వచ్చేసరికి షికాగో నెట్‌లో ఎడ్ బెల్‌ఫోర్ ఉన్నాడు. ఆ 1990-91లో బెల్‌ఫోర్ ఏకంగా 74 మ్యాచ్‌లు ఆడి 43 గెలిపించాడు. ఉత్తమ కొత్త ఆటగాడికిచ్చే కాల్డర్, వెజినా రెండూ ఆయనకే. హాషెక్‌కి మిగిలినవి ఐదు మ్యాచ్‌లు. మిగతా కాలం ఇండియానాపొలిస్‌లో, కింది లీగులో. మరుసటి ఏడు 20 మ్యాచ్‌లు. 1992లో బఫలోకి మారాడు. ప్రతిగా షికాగోకి వచ్చింది స్టెఫాన్ బోరెగార్డ్ అనే గోలీ, ఒక డ్రాఫ్ట్ పిక్. బఫలోలోనూ మొదటి సీజన్ మధ్యలో గ్రాంట్ ఫ్యూర్‌ని తెచ్చి పైన కూర్చోబెట్టారు. 1993 నవంబర్‌లో ఫ్యూర్ మోకాలు దెబ్బతింటే గానీ చోటు ఖాళీ కాలేదు. ఆ ఏడాది హాషెక్ ఆడినవి 58 మ్యాచ్‌లు, సేవ్ శాతం (వచ్చిన షాట్లలో ఆపినవాటి వంతు) .930, మ్యాచ్‌కి సగటున ఇచ్చిన గోల్స్ 1.95. రెండు గోల్స్ కంటే తక్కువ సగటు అంతకుముందు వచ్చింది 1973-74లో, బెర్నీ పేరెంట్‌కి.

మీ మొదటి ప్రశ్నకి జవాబు ఇందులోనే ఉంది. ఫార్వర్డ్‌లు ముగ్గురేసి లైన్లుగా మారుతూ ఆడతారు, వాళ్లకి నాలుగో లైన్ అని ఒకటుంటుంది. 19 ఏళ్ల కుర్రాడిని రాత్రికి ఎనిమిది నిమిషాలు ఆడించి, తప్పు చేస్తే బెంచీ మీద కూర్చోబెట్టి, మర్నాడు మళ్లీ దింపొచ్చు. గోలీకి నాలుగో లైన్ లేదు. ఆడితే అరవై నిమిషాలు, లేకపోతే సున్నా. జట్టులో 12 మంది ఫార్వర్డ్‌లు, ఆరుగురు డిఫెన్స్ ఆటగాళ్లు దిగుతారు. గోలీలు ఇద్దరే డ్రెస్ వేసుకుంటారు, వాళ్లలో ఆడేది ఒకడు. 32 జట్లంటే మొత్తం 64 కుర్చీలు. అందులో 50 మ్యాచ్‌లకు పైగా దొరికేవి సగానికంటే తక్కువే. పైవాడు గాయపడాలి, లేదా ఫామ్ పోవాలి, లేదా వేరే జట్టుకు పోవాలి. ఈ మూడింట్లో ఏదీ కుర్రాడి చేతిలో లేదు.

మూడోపీరియడ్:

నల్లపక్కు గారు చెప్పిన కుర్చీల లెక్క నిజమే గానీ, అది సగం కారణమే అంటాను. మిగతా సగం ఆట స్వభావంలోనే ఉంది. ఫార్వర్డ్ వేగం, చేతి పని 19 ఏళ్లకే దాదాపు పూర్తవుతాయి. గోలీ పనిలో ఎక్కువ భాగం ఆటను ముందుగా చదవడం. పవర్‌ప్లేలో (పెనాల్టీ వల్ల ఎదుటి జట్టుకో మనకో ఒకరు తగ్గినప్పుడు) పక్ (ఆడే రబ్బరు బిళ్ల) ఎటు తిరుగుతుంది, కుడిచేతి షూటరా ఎడమచేతి షూటరా, నెట్ వెనక నుంచి పాస్ ఎవరికి పోతుంది అన్నవి వేల షాట్లు ఎదుర్కొంటే గానీ ఒంటపట్టవు. లీగు నిబంధనలే ఈ సంగతి ఒప్పుకుంటున్నాయి. 18 ఏళ్లకు సంతకం చేసిన మామూలు ఆటగాడిని వేవర్స్ లేకుండా, అంటే వేరే జట్టు తన్నుకుపోయే వీలు లేకుండా, కింది లీగుకి పంపే గడువు ఐదేళ్లు లేదా 160 ఎన్‌హెచ్‌ఎల్ మ్యాచ్‌లు. గోలీకయితే ఆరేళ్లు లేదా 80 మ్యాచ్‌లు. ఆరేళ్లలో 80 కూడా ఆడడేమోనని రాసినవాళ్లే అనుకున్నారన్నమాట.

ఇక రెండో ప్రశ్న, మధ్య ఏళ్లు. ఒంటారియోలో ఉన్నారు కాబట్టి అక్కడి నుంచే చెప్తాను.

యూ16 ఏడాది ముగిశాక ఓహెచ్‌ఎల్ (ఒంటారియో మేజర్ జూనియర్ లీగు) డ్రాఫ్ట్ ఉంటుంది. గోలీలను కొందరినే తీసుకుంటారు. తీసుకున్నా మొదటి ఏడాది బ్యాకప్‌గా కూర్చోవడమే మామూలు. ఇక్కడే చాలామంది పొరబాటు చేస్తారు. పెద్ద జట్టు జెర్సీ కోసం 16 ఏళ్లకు వెళ్లి 12 మ్యాచ్‌లు ఆడతారు. అదే కుర్రాడు ఒక మెట్టు కింద జూనియర్ ఏ జట్టులో 35 మ్యాచ్‌లు ఆడి ఉంటే ఎక్కువ నేర్చుకునేవాడు. గోలీకి ఏ జట్టు అన్నది కాదు, ఏడాదికి ఎన్ని మ్యాచ్‌లు అన్నదే మొదట అడగాలి. జట్టుతో మాట్లాడేటప్పుడు "ఇంకో గోలీ వయసెంత, వచ్చే ఏడాది వాడు ఉంటాడా, వారంలో గోలీ కోచ్ ఎన్ని రోజులు మంచు మీదికి దిగుతాడు" అని సూటిగా అడగండి.

ఒక నిబంధన ఇటీవలే మారింది. ఇదివరకు ఓహెచ్‌ఎల్‌లాంటి మేజర్ జూనియర్ లీగులో ఆడితే అమెరికా కాలేజీ హాకీకి అర్హత పోయేది. 2025 ఆగస్టు 1 నుంచి ఆ అడ్డు తీసేశారు. అంటే 16 ఏళ్లకు తీసుకున్న నిర్ణయం ఇకమీద కాలేజీ తలుపు మూయదు. గోలీలకు ఇది పెద్ద మేలు. కాలేజీ అంటే మరో మూడు నాలుగేళ్లు చదువుతోపాటు ఎదిగే టైము. హెల్లెబక్ దారి చూడండి. మిషిగన్‌లో హైస్కూల్ జట్టుకు ఆడాడు. తర్వాత టెక్సాస్‌లోని ఒడెస్సాలో ఒక జూనియర్ జట్టు. అక్కడి నుంచి మసాచుసెట్స్‌లో లోవెల్ యూనివర్సిటీ, రెండేళ్లు. ఆ పైన సెయింట్ జాన్స్‌లో ఏహెచ్‌ఎల్, అంటే ఎన్‌హెచ్‌ఎల్‌కి ఒక మెట్టు కింది లీగు. విన్నిపెగ్ నెట్‌లో మొదటి మ్యాచ్ 2015 నవంబర్‌లో. పేరున్న అకాడమీ ఒక్కటీ లేదు ఆ దారిలో. 2020, 2024, 2025ల్లో వెజినా, 2025లో హార్ట్ కూడా.

ఎన్‌హెచ్‌ఎల్ డ్రాఫ్ట్ 18 ఏళ్లకు, ఏడు రౌండ్లు. పిలిచినంత మాత్రాన జీతం రాదు, ఒప్పందం మీద సంతకం అయితేనే. కుర్రవాళ్లకు మొదటి ఒప్పందం గరిష్ఠంగా మూడేళ్లు, అదీ సాధారణంగా టూ-వే. పైలీగులో ఉన్న రోజులకు ఒక జీతం, ఏహెచ్‌ఎల్‌లో ఉన్న రోజులకు చాలా తక్కువ జీతం. 2025-26లో ఎన్‌హెచ్‌ఎల్ కనిష్ఠ జీతం ఏడాదికి 7,75,000 డాలర్లు. ఏహెచ్‌ఎల్‌లో అందులో చిన్న వంతు. దాని కింద ఈసీహెచ్‌ఎల్, అక్కడ వారానికింత అని ఇస్తారు, ఇల్లు జట్టు చూస్తుంది. పైకొసన చూస్తే ఇగోర్ షెస్టెర్కిన్ ఎనిమిదేళ్లకు ఏడాదికి 1.15 కోట్ల డాలర్ల చొప్పున సంతకం చేశాడు. ఆయన్ని తీసుకున్నది నాలుగో రౌండులో.

డ్రాఫ్ట్ అయిన కుర్రాడిని కూడా ఈసీహెచ్‌ఎల్‌కి పంపుతారు, దాన్ని అవమానంగా తీసుకోకూడదు. అక్కడ 35, 40 మ్యాచ్‌లు దొరుకుతాయి. జోర్డాన్ బినింగ్టన్‌ని 2011లో మూడో రౌండులో తీసుకున్నారు. ఏళ్ల తరబడి కింది లీగుల్లో తిరిగాడు, 2017-18లో వేరే జట్టు ఏహెచ్‌ఎల్ శాఖకి అప్పుగా కూడా వెళ్లాడు. 2019 జనవరిలో సెయింట్ లూయిస్‌కి ఎన్‌హెచ్‌ఎల్‌లో మొదటిసారి మ్యాచ్ మొదలుపెట్టి, ఆ జూన్‌కల్లా ఎన్‌హెచ్‌ఎల్ ఛాంపియన్లకిచ్చే స్టాన్లీ కప్ ఎత్తాడు.

క్రీజ్‌గీత:

ఇద్దరికీ చాలా థాంక్స్ అండీ. ఏడాదికి ఎన్ని మ్యాచ్‌లు అన్న మాట గట్టిగా పట్టుకుంటాను. ఒక సందేహం. సేవ్ శాతం .905కీ .920కీ తేడా ఏ మాత్రం? చూడటానికి గోరంత ఉంది, దానికే కోట్లు ఎందుకు ఇస్తారు? ఇంకోటి, మా అబ్బాయి హాషెక్ వీడియోలు చూసి కర్ర వదిలేసి దొర్లడం మొదలుపెట్టాడు. కోచ్ వద్దంటున్నాడు. ఎవరిది సరి?

నల్లపక్కు:

లెక్క ఇదిగో. మ్యాచ్‌కి 30 షాట్లు, సీజన్‌కి 60 మ్యాచ్‌లు అనుకోండి. మొత్తం 1,800 షాట్లు. .920 గోలీ 144 గోల్స్ ఇస్తాడు, .905 గోలీ 171. తేడా 27 గోల్స్. ఒక్క గోల్‌తో తేలే మ్యాచ్‌లు సీజన్లో ఎన్నో ఉంటాయి కాబట్టి ఈ 27 ఎక్కడ పడతాయో ఊహించండి. హాషెక్ కెరీర్ మొత్తానికి .922, 735 మ్యాచ్‌ల మీద. 1998-99లో .937.

కానీ 14 ఏళ్ల పిల్లవాడిని సేవ్ శాతంతో కొలవకండి. 20 మ్యాచ్‌లు, మ్యాచ్‌కి 20 షాట్లు అంటే 400 షాట్లే. నాలుగు గోల్స్ అటూ ఇటూ అయితే శాతం పది పాయింట్లు మారిపోతుంది. పైగా ముందున్న డిఫెన్స్ ఎలాంటి షాట్లు రానిస్తోంది అన్నది అందులో కనపడదు. దానికి బదులు ప్రతి గోల్‌కీ మూడు రాసుకోండి: షాట్ ఎక్కడి నుంచి వచ్చింది, అప్పటికి గోలీ కదలడం ఆపి నిలబడ్డాడా లేదా, రీబౌండ్ (గోలీకి తగిలి తిరిగొచ్చిన పక్) మీద పడిందా. పది మ్యాచ్‌లు రాస్తే ఏం నేర్పాలో ఆ పట్టికే చెబుతుంది.

ఐదోసందు:

హాషెక్ దొర్లడం గురించి నేను చెప్తాను, ఎందుకంటే ఆయన గురించి ఎక్కువమంది అపార్థం చేసుకున్నది ఇదే. వీడియోల్లో కనపడేది చివరి అర క్షణం. దానికి ముందు ఆయన చేసినవన్నీ పాఠ్యపుస్తకం లెక్కే: పక్ మీద నుంచి చూపు తిప్పకపోవడం, షూటర్ నిర్ణయం తీసుకునేదాకా ఆగడం, ముందు పడిపోకపోవడం. పాస్ దాటిపోయాక, మామూలు గోలీకి ఇక చేసేదేం లేదు అనే చోట ఆయన రెండో ప్రయత్నం మొదలయ్యేది. కర్ర వదిలేయడం కూడా లెక్కతోనే. పక్ బ్లాకర్ (కర్ర పట్టే చేతి గ్లోవు) వైపు మంచు మీద విడిగా ఉండి, దాన్ని కప్పేయడానికి కర్ర అడ్డమైనప్పుడు కర్ర జారవిడిచి ఆ చేత్తోనే పట్టేవాడు. 1998 నాగానో ఒలింపిక్స్ సెమీఫైనల్ షూటౌట్ చూపించండి మీ అబ్బాయికి. కెనడా తరఫున ఫ్లూరీ, బూర్క్, న్యూవెండైక్, లిండ్రోస్, షానహన్ ఐదుగురూ వచ్చారు, ఒక్కడూ వేయలేకపోయాడు. ఐదింటిలోనూ హాషెక్ ఎంత ఆలస్యంగా కదిలాడో చూడమనండి. ఫైనల్లో రష్యా మీద 1-0.

కాబట్టి కోచ్ చెప్పిందే సరి. దొర్లడం నేర్పించాల్సింది కాదు, మిగతావన్నీ వచ్చాక దానంతటదే వచ్చేది. ఆ వయసులో నేర్పాల్సినవి, అవి ఎక్కడ తప్పుతాయో చెప్తాను.

కోణం. నెట్ వెడల్పు 6 అడుగులు, ఎత్తు 4. పక్ నుంచి రెండు పోస్టులకూ రెండు తాళ్లు కట్టినట్టు ఊహించుకోమనండి, వాటి నట్టనడుమ నిలబడాలి. పిల్లలు చేసే మొదటి తప్పు, షూటర్ ఒంటికి ఎదురుగా నిలబడటం. పక్ ఉండేది ఒంటికి ఎదురుగా కాదు, కర్ర చివర, పక్కకి మూడు నాలుగడుగుల దూరంలో. షూటర్ ఛాతీకి ఎదురుగా నిలబడితే ఒక వైపు సందు తెరుచుకుంటుంది. కోచ్‌తో చెప్పి నిజంగానే పోస్టులకు రెండు తాళ్లు కట్టి, పక్ దగ్గర కలిపి పట్టుకుని చూపిస్తే ఐదు నిమిషాల్లో అర్థమవుతుంది.

లోతు. ముందుకి వస్తే ఎక్కువ నెట్ మూసుకుపోతుంది, కానీ అడ్డంగా పాస్ పడితే పరిగెత్తాల్సిన దూరం పెరుగుతుంది. ఒక్కడే వస్తుంటే క్రీజ్ (నెట్ ముందు గోలీకి గీసిన చోటు) పై అంచు దాకా రావచ్చు. ఇద్దరు వస్తుంటే ఒక అడుగు వెనక్కి. 14 ఏళ్లప్పుడు షూటర్లు పాస్ తక్కువ ఇస్తారు, అందుకని ముందుకొచ్చే గోలీలు గొప్పగా కనిపిస్తారు. రెండేళ్లు పోయాక అదే అలవాటు వాళ్లను ముంచుతుంది, పాస్ అవతలికి చేరేసరికి వీళ్లు క్రీజ్ బయటే ఉంటారు.

మోకాళ్ల మీది నుంచి లేవడం. బటర్‌ఫ్లైలో (మోకాళ్లు మంచుకి ఆనించి, ప్యాడ్లు రెండు పక్కలా పరిచి కూర్చునే భంగిమ) ఉన్నప్పుడు ఎడమకి వెళ్లాలంటే ముందు కుడి మోకాలు లేపి, ఆ బ్లేడు లోపలి అంచు మంచులో దిగేసి తొయ్యాలి. చాలామంది వెళ్లాల్సిన వైపు కాలే లేపుతారు. అప్పుడు తోయడానికి ఏమీ ఉండదు, నిలబడి మళ్లీ బయల్దేరాలి. ఆ అర సెకనులో గోల్ అయిపోతుంది. షాట్లు లేకుండా, పక్ లేకుండా రోజూ పది నిమిషాలు ఇదొక్కటి చేయించినా దండగ కాదు.

పోస్టు దగ్గర. ఇప్పుడు అందరూ ఆర్‌వీహెచ్ వాడుతున్నారు: పోస్టు వైపు ప్యాడ్ మంచు మీద పడుకోబెట్టి, స్కేట్ పోస్టుకి ఆనించి, అవతలి కాలితో తోస్తూ పోస్టుకు అతుక్కోవడం. పక్ గోల్ లైన్ దగ్గరగా, లేదా నెట్ వెనక ఉన్నప్పుడు ఇది పనికొస్తుంది. పక్ ఇంకా నెట్ ముందు పక్కన గీసిన సర్కిల్లో ఉండగానే కిందికి కూర్చుంటే భుజం మీది నుంచి చెవి పక్కగా సందు దొరుకుతుంది. ఇప్పటి కుర్ర గోలీలు ఇచ్చే చెత్త గోల్స్‌లో ఇది తరచూ కనిపిస్తుంది. అలవాటు మీద కూర్చోవడమే తప్ప అవసరం చూసుకోరు.

కర్ర. బ్లేడు స్కేట్లకు జానెడు ముందుండాలి. స్కేట్లకు ఆనిస్తే పక్ తగిలి గట్టిగా ఎగిరి ముందుకే పోతుంది. జానెడు సందుంటే కర్ర కాస్త వెనక్కి వెళ్లి దెబ్బను మింగుతుంది, బ్లేడు కొంచెం వాలిస్తే పక్ మూలకి జారుతుంది. కాళ్ల మధ్య సందుని కాసేది ఈ కర్రే. షాట్ వచ్చేముందు కర్ర గాల్లోకి లేస్తోందా అని నెట్ వెనక నుంచి ఫోన్‌లో తీసి చూడండి.

తుంటికీలు:

మూడో ప్రశ్న మిగిలిపోయింది, గోలీ ఎక్కడ దెబ్బతింటాడని. నా జవాబు: తుంటి దగ్గర. మనసు, పోటీ అన్నీ ఆ తర్వాతే.

బటర్‌ఫ్లైలో కూర్చున్నప్పుడు తొడ ఎముక తుంటి కీలులో లోపలికి తిరుగుతుంది, అదీ వంగి ఉన్న స్థితిలో, బరువు పడుతూ. ఎముక తల మీద బొడిపెలాంటిది ఉంటే అది కీలు గిన్నె అంచుకి ఒరుసుకుంటుంది, అంచున ఉన్న మెత్తని పొర చిరుగుతుంది. ఆ బొడిపె పెరిగేది ఎక్కువగా ఎదిగే వయసులోనే. అందుకే 12 నుంచి 16 ఏళ్ల మధ్య ఏడాది పొడవునా మంచు మీద ఉంచడం మంచిది కాదు. వేసవిలో రెండు మూడు నెలలు ప్యాడ్లు అటకెక్కించి ఫుట్‌బాలో టెన్నిసో ఆడించండి, కంటిచూపుకీ కాళ్లకీ రెండింటికీ మంచిది.

పెద్దవాళ్లలో చూడండి. టిమ్ థామస్ 2010లో తుంటి ఆపరేషన్ చేయించుకుని, మరుసటి సీజన్ .938తో వెజినా, స్టాన్లీ కప్ రెండూ గెలిచాడు. 37 ఏళ్లకు! రిన్నేకి 2013లో ఆపరేషన్ తర్వాత ఆ తుంటికే ఈ-కోలై ఇన్‌ఫెక్షన్ సోకి నెలల తరబడి ఆట పోయింది. తూక్కా రాస్క్ 2021లో చేయించుకుని, 2022లో తిరిగొచ్చి నాలుగే మ్యాచ్‌లు ఆడి విరమించాడు. ఒకే కీలు, మూడు రకాల ఫలితాలు. డిపియెట్రోకి 2006లో 15 ఏళ్ల ఒప్పందం, మొత్తం 6.75 కోట్ల డాలర్లు ఇచ్చారు. తుంటి, మోకాళ్లు వరసగా దెబ్బతిని 2013లో జట్టు డబ్బు కట్టి వదిలించుకుంది. హాషెక్‌ని కూడా ఆపింది గజ్జల్లో కండరమే. 2006 ట్యూరిన్ ఒలింపిక్స్‌లో మొదటి మ్యాచ్ పది నిమిషాలు కాకముందే అది పట్టేసింది, అప్పటి తన ఎన్‌హెచ్‌ఎల్ జట్టు ఒట్టావాకి కూడా ఆ సీజన్లో మళ్లీ ఆడలేదు.

ఇంట్లో చూసుకోదగ్గ పరీక్ష ఒకటి. పిల్లవాడిని వెల్లకిలా పడుకోబెట్టి, తుంటి దగ్గరా మోకాలి దగ్గరా తొంభై డిగ్రీలు వంచి, పాదాన్ని మెల్లగా బయటివైపు తిప్పండి. రెండు కాళ్లూ ఒకేలా తిరుగుతున్నాయా? ఒకటి ముందే ఆగిపోయినా, గజ్జ ముందు భాగంలో గుచ్చినట్టు నొప్పి వచ్చినా, కారులో అరగంట కూర్చుంటే అక్కడే నొప్పి అన్నా, స్పోర్ట్స్ ఆర్థోపెడిక్ డాక్టర్‌కి చూపించండి. ఆ నొప్పి మీద ఇంకా సాగదీయించడం ఘోరమైన తప్పు. బిగుసుకుపోయిందనుకుని సాగదీస్తారు, నిజానికి ఎముకకి ఎముక తగులుతోంది, సాగదీసేకొద్దీ చిరుగు పెరుగుతుంది.

బలం కోసం కోపెన్‌హేగన్ ప్లాంక్ మంచిది: పక్కకి తిరిగి పడుకుని పైకాలు బెంచీ మీద ఆనించి నడుము లేపడం. మొదట్లో మోకాలు ఆనించి, ఒక్కో వైపు ఆరేసి చొప్పున రెండు విడతలు, వారానికి రెండు రోజులు. నెల తర్వాతే పాదం ఆనించాలి. నొప్పి లేని రోజుల్లోనే ఇవన్నీ.

ప్యాడ్‌సైజు:

తుంటికీలు గారు చెప్పినదానికి సామాన్ల వైపు నుంచి ఒక ముక్క. పిల్లవాడి తుంటిని పాడుచేసేవాటిలో పెద్ద ప్యాడ్లు ఒకటి. "ఎదుగుతాడు కదా" అని రెండంగుళాలు పెద్దవి కొంటారు. బటర్‌ఫ్లైలో పడినప్పుడు మోకాలు ప్యాడ్ లోపలి మోకాలి దిమ్మ మీద సరిగ్గా పడాలి. ప్యాడ్ పొడవైతే మోకాలు దిమ్మ కిందికి జారి మంచుని కొడుతుంది, తొడ ఇంకా మెలితిరుగుతుంది. స్కేట్లు వేసుకుని, ప్యాడ్ కట్టి, షాపులోనే పదిసార్లు కూర్చుని లేవమనండి. మోకాలు ఎప్పుడూ దిమ్మ మధ్యలోనే ఉంటే సైజు సరి.

కింద స్కేట్ ముందు కట్టే తాడు బిగించకూడదు. ప్యాడ్ కాలి చుట్టూ తిరగాలి. బిగిస్తే ప్యాడ్ తిరగదు, ఆ మెలిక చీలమండకీ మోకాలికీ పోతుంది. పిక్క దగ్గరి పట్టీలు కూడా వదులుగానే, మోకాలి దగ్గరిది మాత్రం కొంచెం గట్టిగా. వెడల్పు విషయంలో ఆశపడొద్దు, 11 అంగుళాలు గరిష్ఠం, ఎన్‌హెచ్‌ఎల్‌లో 2005-06 నుంచి అదే.

బ్లేడు పదును. మామూలు ఆటగాడి బ్లేడు అడుగు వంపు సుమారు 9 నుంచి 11 అడుగుల వ్యాసార్థమున్న వృత్తంలా ఉంటుంది, గోలీది 28, 30 అడుగులు, అంటే దాదాపు బల్లపరుపు. షాపులో ఎవరైనా తెలియక మామూలు బ్లేడులా రుద్దితే ముందూ వెనకా అరిగి, పక్కకి తోసినప్పుడు గోలీ ఊగుతాడు. "గోలీ బ్లేడు, వంపు మార్చొద్దు" అని ఇచ్చేటప్పుడే చెప్పాలి. గాడి లోతు ఇదివరకు తక్కువ పెట్టేవారు, ఇప్పుడు మోకాళ్ల మీది నుంచి తోయాలి కాబట్టి 3/8 నుంచి 1/2 అంగుళం అడుగుతున్నారు. ఈ అంకె లోతు కాదు, గాడి వంపు వ్యాసార్థం. అంకె చిన్నదైతే గాడి లోతు ఎక్కువ, పట్టు ఎక్కువ. మీ అబ్బాయికి 1/2తో మొదలెట్టి, తోసినప్పుడు కాలు జారుతుంటే 7/16కి తగ్గించండి. ఒక్కసారే 3/8కి పోతే కాలు ఇరుక్కుని గజ్జ పట్టేస్తుంది.

మాస్క్‌కి పిల్లి కళ్ల ఆకారంలో సందులుండే జాలీ కొనొద్దు. ప్రొఫెషనల్స్ వేసుకుంటారని పిల్లలు అడుగుతారు. ఆ సందులోంచి కర్ర కొన దూరుతుంది, మైనర్ హాకీలో దానికి అనుమతి లేదు. నిలువు, అడ్డ తీగల సర్టిఫైడ్ జాలీ ఉండాలి. గొంతుకి వేలాడే ప్లాస్టిక్ రేకు ఒక్కటీ చాలదు, లోపల మెడపట్టీ కూడా ఉండాలి.

క్రీజ్‌గీత:

తుంటికీలు గారూ, ఇప్పుడే పరీక్షించి చూశాను. ఎడమ కాలు కుడిదానికంటే తక్కువ తిరుగుతోంది, కానీ నొప్పి లేదంటున్నాడు. ప్యాడ్లు 34 అంగుళాలవి, మోకాలు దిమ్మ అంచు మీద పడుతోంది. శనివారం టోర్నమెంట్ ఉంది, మూడు మ్యాచ్‌లు.

తుంటికీలు:

నొప్పి లేకుండా కొంచెం తేడా ఉండటం గోలీల్లో మామూలే. అయినా ఒకసారి ఫిజియో చేత రెండు వైపులా కొలిపించి అంకెలు రాయించుకోండి, ఆరు నెలలకి మళ్లీ పోల్చుకోవచ్చు. శనివారం ఆడనివ్వొచ్చు. మ్యాచ్‌కి మ్యాచ్‌కి మధ్య ప్యాడ్లు విప్పి నడిపించండి, బరువు చూసి తగ్గిన ప్రతి కిలోకీ లీటరుంబావు దాకా నీళ్లు, కొంచెం ఉప్పు. రెండో మ్యాచ్ తర్వాత గజ్జ దగ్గర గుచ్చుతోందన్నా, లేచేటప్పుడు ఎడమ కాలు వాడకుండా తప్పించుకుంటున్నా, మూడో మ్యాచ్ ఇంకో గోలీకి ఇవ్వమని కోచ్‌కి శుక్రవారమే చెప్పి పెట్టండి.

ప్యాడ్‌సైజు:

మోకాలు దిమ్మ అంచు మీద పడుతుంటే ముందు మోకాలి దగ్గరి పట్టీ ఒక బెజ్జం బిగించి, కింద తాడు రెండంగుళాలు వదిలి చూడండి. కాలు ప్యాడ్‌లో కాస్త పైకి కూర్చుంటుంది. అప్పటికీ అంచు మీదే పడితే 34 ఆ కాలికి పెద్దదే. 33 లేదా 32 వాడినవి దొరుకుతాయి. చీలమండ నుంచి మోకాలి మధ్య దాకా కొలిచి ఇక్కడ రాయండి, ఏది సరిపోతుందో చెప్తాను.